స్నేహలతా రెడ్డి స్మారక సభ: జమా ఖర్చుల వివరణ

చందాదారులకు నమస్కారం. ఎమర్జెన్సీలో జైలుపాలైన నటి స్నేహలతా రెడ్డి స్మృతిలో, ఎమర్జెన్సీకి 50 ఏళ్లు నిండిన సందర్భంగా 2025 జూన్ 25న నెల్లూరులో జరిపిన సభ లెక్కలు ఇవి. నెలలోపు ఇస్తామని మూడు నెలలు చేశాం. ప్రెస్సు వాళ్ల ఆఖరి బిల్లు వచ్చేదాకా లెక్క తేలలేదు. ఆమెపై వేసిన పుస్తకం రెండుసార్లు ఎందుకు అచ్చేశారు, వక్తకు కారు పెట్టారు, పాత కాపీలు అమ్ముకున్నారు అంటూ ఈలోగా వాట్సాప్‌లో వచ్చిన మాటలన్నీ చదివాం.

జమ: 71 మంది చందాలు 74,400. సభ రోజు హుండీలో 6,150. కమిటీ నలుగురం వేసుకున్నది 12,000. పాత కాగితాల అమ్మకం 420. మొత్తం రూ. 92,970.

ఖర్చు: హాలు, మైకు 18,000. ప్రొజెక్టర్ 4,500. ఫొటోల ఫ్లెక్సీలు 9,200. టీ, టిఫిన్లు 7,850. బెంగళూరు వక్త రైలు, లాడ్జి 6,300 (కారు పెట్టలేదు, ఆ మాట అబద్ధం). కరపత్రాలు 2,900. పుస్తకం మొదటి ముద్రణ 21,000. రెండో ముద్రణ 23,500. మొత్తం రూ. 93,250.

గొడవంతా ఆ రెండో ముద్రణ గురించే కాబట్టి వివరంగా చెబుతాం. మొదటి ముద్రణ 500 కాపీలు వచ్చి, 40 పంచేశాక, సభకు మూడు రోజుల ముందు ఒక పెద్దాయన ఫోన్ చేశారు. ఎమర్జెన్సీలో తానూ జైలుకెళ్లిన మనిషి. వెనక అట్ట మీద ‘జైల్లో కన్నుమూసిన నటి’ అని వేశాం. అది తప్పు. 1976 మే 2న అరెస్టయిన ఆమెను 1977 జనవరి 15న పెరోల్‌పై వదిలారు. అప్పటికే ఆస్తమా ముదిరిపోయింది. అయిదు రోజులకు, జనవరి 20న పోయారు. లోపల ‘బరోడా డైనమైట్ కేసు ముద్దాయి’ అనీ రాశాం (ఎమర్జెన్సీని ఎదిరించినవాళ్లు డైనమైట్ పేలుళ్లకు కుట్ర పన్నారని పెట్టిన కేసు అది). సోషలిస్టు నాయకుడు జార్జి ఫెర్నాండెజ్ తదితరుల మీద వేసిన చార్జిషీటులో ఆమె పేరే లేదు. విచారణ లేకుండా నిర్బంధించే మీసా చట్టం కింద బెంగళూరు జైల్లో ఉంచారు. నెట్‌లో దొరికింది సరిచూడకుండా ఎక్కించాం. తప్పు మాదే, అందుకే సగం ఖర్చు మేమే వేసుకున్నాం.

సవరణ చీటీ అంటిస్తే ఆరొందలతో పోయేది కదా అన్నారు. ఆ మాట మాలోనూ వచ్చింది. కానీ చీటీ ఊడిపోతుంది, అట్ట ఉండిపోతుంది. ‘ఎమర్జెన్సీలో ఏమీ జరగలేదు’ అనేవాళ్లకు ఆ ఒక్క ముక్క చాలు, మిగతా పుస్తకమంతా అబద్ధం అనేస్తారు. జైల్లో కూర్చుని తన చేత్తో డైరీ రాసుకున్న మనిషి గురించి మనం ఉజ్జాయింపుగా రాయకూడదు. పైగా ఆమె కవి, సినీ దర్శకుడు పఠాభి (పట్టాభిరామిరెడ్డి) గారి భార్య, ఈ ఊరి కోడలు. రాత్రి షిఫ్టు పెట్టించాం కాబట్టి రెండోసారి 2,500 ఎక్కువైంది.

పాత కాపీలు అమ్ముకున్నామన్నారు. అమ్మాం, 42 కిలోలు, కిలో పది రూపాయలు. ఆ 420 పైన జమలో ఉంది. పంచిన 40లో 33 వెనక్కొచ్చాయి. మిగతా ఏడు ఎవరి దగ్గరున్నా దయచేసి ఇచ్చి కొత్తది తీసుకోండి.

తగ్గిన 280 కోశాధికారి జేబులోంచి ఇచ్చారు. మైకులో పేరు చదివించుకుని ఇంకా ఇవ్వనివారు తొమ్మిది మంది, 14,500. పేర్లు రాయడం లేదు. అడిగిన ప్రతిసారీ ‘రేపు’ అంటున్నారు.

తప్పు పట్టిన పెద్దాయనకు, హాల్లో కుర్చీలు మోసిన పిల్లలకు కృతజ్ఞతలు. వోచర్లు కోశాధికారి దగ్గర ఆదివారం ఉదయం చూసుకోవచ్చు. కొత్త పుస్తకాలు 130 మిగిలాయి, అక్కడే ఉచితంగా ఇస్తాం.