లీలామహల్ సర్కిల్ దగ్గరి సెల్‌ఫోన్ అన్నకు, ఇంకా అందరికీ కృతజ్ఞతలు

మేం చేసిన ఫోన్ ఆట నిన్న రాత్రి ప్లే స్టోర్‌లోకి వచ్చేసింది. కళ్ళు మండుతున్నాయి, కానీ ఇది రాయకుండా పడుకోబుద్ధి కావడం లేదు.

మినీ మిలీషియా ఆడినవాళ్ళకు మా కోరిక ఏంటో వేరే చెప్పక్కర్లేదు. యాప్‌సోమ్నియాక్స్ అనే చిన్న సంస్థ చేసిన, తుపాకులతో కాల్చుకునే ఫోన్ ఆట అది, పూర్తి పేరు డూడుల్ ఆర్మీ 2. ఆన్‌లైన్‌లో ఆరుగురికే చోటు, అదే లోకల్ వైఫైలో అయితే నెట్ లేకుండానే 12 మంది దాకా ఆడొచ్చు. జియో రాకముందు హాస్టల్ పిల్లలకు అంతకంటే ఏం కావాలి? తర్వాత హ్యాక్ వెర్షన్లొచ్చి, అయిపోని నైట్రోతో (ఆటలో పైకి ఎగరడానికి వాడే ఇంధనం) గాల్లోనే తిరిగేవాళ్ళు ఎక్కువై మజా పోయింది. అలా పాత ఫోన్లలో, నెట్ లేకుండా నడిచే ఆట ఒకటి తిరుపతిలోనే కూర్చుని చేయాలన్నది మా పట్టుదల.

సరిగ్గా అక్కడే ఇరుక్కుపోయాం. కొన్ని ఫోన్లలో హాట్‌స్పాట్ పెట్టినవాడు ఆటలో తెరిచిన రూమ్, అంటే అందరూ చేరి ఆడే చోటు, మిగతావాళ్ళకు కనిపించేదే కాదు. ఎందుకో తేలాలంటే రకరకాల ఫోన్లు కావాలి, కొనే స్తోమత లేదు. లీలామహల్ సర్కిల్ దగ్గర ఒక రిపేర్ షాపులో సెకండ్ హ్యాండ్ ఫోన్లు అద్దెకిస్తారా అని అడిగాను. ఆ అన్న నాకు ముందు తెలీదు. ఎందుకని అడిగి, విని, లోపల్నుంచి ఒక అట్టపెట్టె తెచ్చి కౌంటర్ మీద ఫోన్లన్నీ పరిచాడు. ఒక్కోదాని వెనక తెల్ల ప్లాస్టర్ ముక్క, దాని మీద బాల్‌పెన్నుతో "బ్యాటరీ వీక్", "కుడి మూల టచ్ రాదు" అని రాసుంది. టచ్ రానిదాన్ని పక్కన పెట్టబోతే, "అది కూడా చూడు తమ్ముడూ, ఇట్లాంటి ఫోన్లతోనే ఆడుకునే పిల్లోళ్ళు ఉండారు" అన్నాడు. ఫైర్ బటన్ ఉండేది సరిగ్గా ఆ మూలే. ఇప్పుడు మా ఆటలో బటన్లు ఎక్కడికైనా జరుపుకోవచ్చంటే అది ఆయన పుణ్యమే. షట్టర్ సగం దించి అర్ధరాత్రి దాకా మాతోనే ఉన్నాడు. డబ్బులివ్వబోతే పర్సు మూసి మళ్ళీ నా జేబులోనే పెట్టాడు. బయటికొచ్చి బండి స్టార్ట్ చేయలేక ఏడ్చేశాను.

స్టోర్ వాళ్ళ సంగతి చెప్పకపోతే నా కడుపు మంట చల్లారదు. ఆట పెట్టడానికి కొత్తగా సొంత పేరుతో డెవలపర్ ఖాతా తెరిస్తే 12 మంది 14 రోజులు తెగకుండా టెస్టింగ్‌లో ఉండాలట, కంపెనీ ఖాతాలకు ఆ బాధ లేదు. అంతా చేసి పంపితే వెనక్కి కొట్టారు, కారణం అడిగితే అదే రెడీమేడ్ మెయిల్, మాట్లాడే మనిషే లేడు. ఆ 12 మందిలో సగం మందిని టీ కొట్టు నుంచి, ఆటో స్టాండు నుంచి పిలుచుకొచ్చింది కూడా ఆ అన్నే.

అమ్మా, నాన్నా, అక్కా, మీకు చెప్పేదేముంది, థాంక్స్.

అయ్యో, చిత్తూరు నుంచి బస్సెక్కి వచ్చి ఆడి, ఎక్కడెక్కడ ఆగిపోతోందో నోటుబుక్కులో రాసిచ్చిన తమ్ముళ్ళు! మీకూ. తుపాకీ సౌండ్లు చేసిచ్చిన జూనియర్‌కి, కరెంటు పోయిన రాత్రి తన ఇన్వర్టర్ నుంచి వైరు లాగనిచ్చిన పక్కింటి ఆంటీకి కూడా. ఇంకెవరైనా మిగిలిపోయి ఉంటే గుర్తు చేయండి, చేర్చేస్తాను.