జీబీఎస్ గురించి: కాళ్లలో బలం తగ్గుతుంటే ఆగొద్దు

అన్నలూ, అక్కలూ, జీబీఎస్ అనే నరాల జబ్బు అంటుకుంటుందా అని గ్రూపులో అడుగుతున్నారు. అంటుకోదు. దయచేసి ఈ మెసేజ్ చివరిదాకా చదవండి.

దీని పూర్తి పేరు గిలియన్-బారే సిండ్రోమ్. ఏడాదికి లక్ష మందిలో ఒకరిద్దరికి వస్తుంది. చాలాసార్లు విరేచనాలో, జలుబు జ్వరమో తగ్గిన కొన్ని రోజులకు మొదలవుతుంది. క్రిముల మీద పోరాడాల్సిన రోగనిరోధక శక్తి మన నరాల మీదే పడుతుంది.

ముందు పాదాల్లో తిమ్మిర్లు. తర్వాత నడుస్తుంటే కాలి నుంచి చెప్పు జారిపోతుంది, మెట్టెక్కాలంటే గోడ పట్టుకోవాల్సి వస్తుంది. మామూలుగా రెండు కాళ్లకూ ఇట్లాగే ఉంటుంది. పక్షవాతం అనుకుని పసరు మందుకు తీసుకుపోతారేమోనని నాకు భయం. ఆ బలహీనత ఛాతీ దాకా వస్తే ఊపిరి ఆడదు. ఒక్క గుక్కలో 20 దాకా అంకెలు చెప్పలేకపోతున్నా, మింగలేకపోతున్నా వెంటనే 108కి ఫోన్ చేయండి. వెంటిలేటర్ ఉన్న చోటికే, మన కర్నూలు పెద్దాసుపత్రి లాంటి చోటికే పోవాలి.

ఐవీఐజీ అనే యాంటీబాడీల మందును సెలైన్‌లాగా మామూలుగా 5 రోజులు ఎక్కిస్తారు. లేదంటే ప్లాస్మా మార్పిడి చేస్తారు, అంటే రక్తంలోని ద్రవ భాగాన్ని తీసేసి వేరేది ఎక్కిస్తారు. రెండూ దాదాపు ఒకేలా పనిచేస్తాయి. మొదటి రెండు వారాల్లోపే మొదలుపెడితే మేలు ఎక్కువ. స్టెరాయిడ్లతో దీనికి ఉపయోగం లేదు.

ఐవీఐజీ చాలా ఖరీదు. అందుకని చేరిన రోజే ప్రభుత్వ ఉచిత వైద్య పథకం ఎన్టీఆర్ వైద్య సేవ కౌంటర్‌లో సాయం చేసే వైద్యమిత్రను కలవండి, ఆధార్, రేషన్ కార్డు దగ్గర పెట్టుకోండి. చాలామంది మళ్లీ నడుస్తారు. నెలలు పట్టినా ఫిజియోథెరపీ మాత్రం మాన్పించొద్దు.