39 శాతానికి 11 సీట్లా?

సంపాదకుడు గారికి,

2024లో ఆంధ్రప్రదేశ్ అసెంబ్లీ ఎన్నికల్లో వైఎస్సార్‌సీపీకి 39 శాతం పైగా ఓట్లు పడ్డాయి. 175లో వచ్చినవి 11 సీట్లు. ‘తగిన శాస్తి’ అని సంబరపడేవాళ్లు 2019ని కూడా గుర్తుచేసుకోవాలి. అప్పుడు తెలుగుదేశానికి కూడా దాదాపు 39 శాతమే, సీట్లు 23. ఆ ఏడాది విజయవాడ సెంట్రల్‌లో ఫలితం 25 ఓట్ల తేడాతో తేలింది. ఓడిన అభ్యర్థికి పడిన వేల ఓట్లు ఏ గంగలో కలిసినట్టు?

జర్మనీలో ఓటరు రెండు ఓట్లు వేస్తాడు, ఒకటి స్థానిక అభ్యర్థికి, ఇంకోటి పార్టీకి. సభలో పార్టీల బలం రెండో ఓటును బట్టే. మామూలుగా 5 శాతం దాటని పార్టీకి చోటుండదు కాబట్టి గల్లీకో పార్టీ పుట్టుకొస్తుందనే టెన్షన్ అక్కర్లేదు. న్యూజిలాండ్ కూడా 1996 నుంచి ఇలాంటి పద్ధతికే మారింది. సంకీర్ణాలు వస్తాయంటారా? ఇప్పుడు అమరావతిలో ఉన్నదేమిటి మరి!

రెండో ఓటు లెక్కన పార్టీకి అదనంగా దక్కే సీట్లను ఆ పార్టీ ముందే ఇచ్చిన అభ్యర్థుల జాబితా నుంచి నింపుతారు. నా అనుమానమల్లా ఆ జాబితా మీదే. అందులో పేరు పైకి రావాలంటే అధినేత గుమ్మం ముందు పడిగాపులు తప్పవు. జాబితాలో ఎవరు ముందుండాలో ఓటరే తేల్చే వీలుండాలి.

విభజన చట్టం ప్రకారం ఏపీ సీట్లు 225కు, తెలంగాణవి 119 నుంచి 153కు పెరగాలి. చట్టం సవరించి, పెరిగే ఆ సీట్లనైనా ఓట్ల దామాషాలో నింపితే పాత నియోజకవర్గాల జోలికి పోనక్కర్లేదు.

– ఒక ఓటరు, తెనాలి