ఒప్పుకోలు ఎంతవరకు?

ప్రియమైన రఘూ,

నీ ఉత్తరం అందింది. "పడకగదిలో వీడియో తీయించుకోవడానికి ఒప్పుకున్న మనిషి, అది బయటికి పొక్కాక గోల పెట్టడం దేనికి?" అని అడిగావు. నీ ప్రశ్నను ఫిలిప్పీన్స్ చట్టసభ ఏనాడో ఎదుర్కొంది.

2009లో హేడెన్ ఖో అనే వైద్యుడు పడకగదిలో చిత్రించిన వీడియోలు బయటికి పొక్కి, ఇంటర్నెట్‌లోనూ మనీలా వీధుల్లో అమ్మే దొంగ డిస్కుల్లోనూ ఊరంతా తిరిగాయి. వాటిలో కనబడిన ఒక నటి, తనకు తెలియకుండానే తీశారని సెనేట్ విచారణకు వచ్చి చెప్పింది. ఆమె పేరు ఇక్కడ రాయను. అప్పట్లో అందరి నోళ్లలో నానింది ఆ పేరే కదా! విచారణ నడుస్తుండగా ఒక మాజీ పోలీసు లేచి ఆ వైద్యుడి మీద నీళ్లు కుమ్మరించాడు. చూసేవాళ్లకు అది న్యాయంగా తోచి ఉండవచ్చు గానీ, కొన్నవాళ్ల మీద, పంచినవాళ్ల మీద ఎవరూ చెంబెడు నీళ్లైనా పోయలేదు.

ఆ రగడ తర్వాతే, ఇలాంటి ఏకాంత దృశ్యాలను అనుమతి లేకుండా తీయడం, పంచడం నేరమని చెప్పే రిపబ్లిక్ యాక్ట్ 9995 అక్కడ 2010 ఫిబ్రవరిలో చట్టమైంది. నీకు చెప్పదలచినది అందులోని ఒక్క నిబంధన గురించే: చిత్రించడానికి అంగీకరించినంత మాత్రాన, దానిని నకలు తీయడానికో, అమ్మడానికో, ఇతరులకు చూపడానికో అంగీకరించినట్టు కాదు, దానికి ఆ వ్యక్తి రాతపూర్వకంగా విడిగా ఒప్పుకోవాలి. మీరితే 3 నుంచి 7 ఏళ్ల జైలు, లక్ష నుంచి 5 లక్షల పెసోల వరకు జరిమానా. సెల్‌ఫోన్‌లో పంపుకోవడం కూడా ఇందులోకే వస్తుంది. మన దేశంలోనూ 2013 సవరణతో ఇదే భేదాన్ని శిక్షాస్మృతిలో చేర్చారు, కనుక ఇది పరాయి వింత అనుకోకు.

అయితే సిగ్గు సంగతి చట్టానికి అందదు. ఫిలిప్పీన్స్‌లో కుటుంబం పరువే తన పరువుగా పెరిగిన అమ్మాయి పోలీస్ స్టేషన్ మెట్లెక్కితే, ఆ వీడియో మరో నలుగురి కళ్లబడుతుందేమోనని, తల్లిదండ్రులు చర్చిలో తలెత్తుకోలేరేమోనని భయపడుతుంది. వీడియో పంపినవాడికి ఆ భయం ఉండదు, ఎందుకంటే వాడు "నాకెవరో పంపారు" అని తప్పించుకోగలడు. అక్కడ 2019లో వచ్చిన సేఫ్ స్పేసెస్ యాక్ట్ అనే చట్టం ఆన్‌లైన్ వేధింపులను కూడా నేరం చేసింది గానీ, ఫిర్యాదు చేయడానికి ముందు ఇంట్లో చెప్పాల్సిన మాటను ఆమే కూడగట్టుకోవాలి.

నువ్వు అడిగిన "ఒప్పుకున్న మనిషి" దేనికి ఒప్పుకుంది, ఎవరి ముందు ఒప్పుకుంది అన్నది చెప్పకుండా నీ ప్రశ్న నిలబడదని నా వాదన. కాదంటావా, తిరుగుటపాలో పోట్లాడు.

నీ,
వాసు