రసాయనాలతో కాలినవారి తర్వాతి ఇబ్బందులను రికార్డుల్లోకి ఎక్కించండి: ఆరోగ్య శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన రాష్ట్ర వైద్య, ఆరోగ్య శాఖ మంత్రి గారికి,

నమస్కారాలు. కడపలో ఒక ఆసుపత్రి మెడికల్ రికార్డుల విభాగంలో కేసు షీట్లు చదివి కోడ్లు వేయడం నా ఉద్యోగం. యాసిడ్, కాస్టిక్ సోడా, సున్నం వంటివాటితో కాలినవారు ఏళ్ల తరబడి పడే ఇబ్బందులు మన రికార్డుల్లోకి సరిగా ఎక్కడం లేదని, దాన్ని సరిచేయడం మీ శాఖ చేతిలోనే ఉందని విన్నవించుకోవడానికి ఈ లేఖ రాస్తున్నాను.

ప్రొద్దుటూరులో బంగారం శుద్ధి చేసేవారికి నైట్రిక్ యాసిడ్‌తో రోజూ పని. తడి సిమెంటులో గంటల తరబడి నిలబడే కూలీల కాళ్లను అందులోని క్షారం తినేస్తుంది. ఇళ్లలో బాత్రూం యాసిడ్‌ను మంచినీళ్ల సీసాల్లో పోసి పెడితే పిల్లలు తాగేస్తారు. పుండు మానిన తర్వాత కూడా కొందరికి వేళ్లు ముడుచుకుపోతాయి, మచ్చ ఉబ్బి గట్టిపడుతుంది, కంట్లో పువ్వు పడుతుంది, అన్నవాహిక ఇరుకైపోతుంది.

జబ్బులకూ, గాయాలకూ కోడ్లు ఇస్తూ ప్రపంచ ఆరోగ్య సంస్థ రూపొందించిన ఐసీడీ-10 అనే జాబితాలో వీటికి చోటు లేకపోలేదు. గాయం తాజాగా ఉన్నప్పుడు వేడితో కాలడం వేరు, రసాయనంతో కాలడం వేరు అని స్పష్టంగానే విడదీశారు. రసాయనంతో శరీరం ఎంత శాతం కాలిందో చెప్పడానికి టీ 32 ఉంది. గాయమై ఏడాది దాటినా మిగిలి ఉన్న ఇబ్బందులకు టీ 95 వేయాలి. అయితే అది ఒక్కటే చాలదు. ముందు ఇప్పుడున్న బాధకు కోడ్ వేసి, అంటే అన్నవాహిక ఇరుకైతే కె 22.2 వేసి, దాని వెంట టీ 95.8 చేర్చాలి.

వాస్తవంలో కేసు షీటు మీద ‘ఓల్డ్ బర్న్స్’ అన్న రెండు మాటలే ఉంటాయి. వాటిని చూసి ఒకరు కొత్తగా కాలినట్టు కోడ్ వేస్తారు, అప్పుడు ఒకే మనిషి ఏటా కాలుతున్నట్టు లెక్క తేలుతుంది. ఇంకొకరు మచ్చకు ఎల్ 90.5 వేసి ఊరుకుంటారు, అప్పుడు కారణమే పోతుంది. యాసిడ్ తాగిన ఒక పిల్లవాడి షీట్లు నా బల్ల మీదికి తరచూ వస్తుంటాయి. అన్నవాహికను వెడల్పు చేయించడానికి తల్లి వాణ్ణి తీసుకొస్తుంది. ఈ మధ్య వచ్చిన షీటులో ‘మింగడం కష్టం’ అని తప్ప యాసిడ్ ప్రస్తావనే లేదు. ఆ తల్లిని అడిగితే సీసా మూత రంగుతో సహా చెప్పింది.

కోడ్లు సరిగ్గా వేసినా ఒక లోటు మిగులుతుందని మీరు గమనించాలి. నిప్పుకూ, రసాయనానికీ, మంచు దెబ్బకూ కలిపి ఉన్నది ఆ టీ 95 ఒక్కటే. దానికి తోడు వేసే వై 86 ప్రమాదమని, వై 87.1 దాడి అని చెబుతాయే గానీ ఏ పదార్థమో చెప్పవు. ఐసీడీ-10కి అమెరికాలో వాడే రూపంలో మొదటి గాయం కోడ్‌నే ఉంచి చివర ‘ఎస్’ అక్షరం చేరుస్తారు కనుక రసాయనమన్న సంగతి చెరిగిపోదు. మనం కోడ్లు మార్చనక్కర్లేదు, షీటులో పదార్థం పేరు రాయడానికి ఒక గడి చేరిస్తే చాలు.

ఇది లెక్కలతో ఆగే విషయం కాదు. 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టం యాసిడ్ దాడి బాధితులను ప్రత్యేక వర్గంగా గుర్తించింది. పనిలో చెయ్యి కాలిన కంసాలి ఆ వర్గంలోకి రాడు, అతడు కదలికల వైకల్యం కింద ధ్రువపత్రం కోరాలి. దాడి బాధితులకు పరిహారం కనీసం 3 లక్షల రూపాయలు ఉండాలని సుప్రీంకోర్టు 2013లో ఆదేశించింది. ఎవరు ఏ దారిన వెళ్లాలన్నా గాయం ఎలా జరిగిందో కాగితం మీద ఉండాలి, ఏళ్ల తర్వాత ఆ కాగితం కోసం పాత బీరువాలు వెతికించడం బాధితులకు అన్యాయం.

కాబట్టి ప్రభుత్వ ఆసుపత్రుల్లోనూ, ఎన్టీఆర్ వైద్య సేవ కింద చికిత్స చేసే ఆసుపత్రుల్లోనూ కాలిన గాయాల డిశ్చార్జి షీటులో ఏ పదార్థం, ఏ తేదీ, ప్రమాదమా దాడా అన్న వివరాలను డాక్టరే తప్పనిసరిగా రాసేలా ఉత్తర్వు ఇవ్వండి. పాత గాయానికి కొత్త గాయం కోడ్ వేయరాదని అందులోనే స్పష్టం చేయండి. కర్నూలు, అనంతపురం, కడప సర్వజన ఆసుపత్రుల రికార్డు సిబ్బందికి ముందుగా శిక్షణ ఇప్పిస్తే, మిగతా జిల్లాలకు నేర్పడానికి వారే ముందుకు వస్తారు.

ఇట్లు,
మెడికల్ రికార్డుల ఉద్యోగి,
కడప