'రాముడు భీముడు'ను వెండితెరపై చూపాలి

సంపాదకులు గారికి,

నమస్కారం. 1964 నాటి 'రాముడు భీముడు' చిత్రాన్ని ఇటీవల టీవీలో మరోసారి చూశాను. అక్క భర్తే ఆస్తిపై పెత్తనం చేస్తూ, కొరడా పట్టి బామ్మర్ది రాముడిని హింసించే ఇంత చేదు కథను డి.వి.నరసరాజు గారి రచన, తాపీ చాణక్య గారి దర్శకత్వం ఇంటిల్లిపాదీ నవ్వుకునేలా మలచిన తీరు నేటికీ ఆశ్చర్యం కలిగిస్తుంది. ఎన్.టి.రామారావు గారు రాముడిగా బెదురు చూపులతో, ముడుచుకున్న భుజాలతో నిలబడటం కళ్లలో మెదులుతుండబట్టే, రాముడి స్థానంలోకి వచ్చిన అతని కవల సోదరుడు భీముడిగా ఆయనే అదే కొరడా అందుకుని రాజనాల గారు పోషించిన ఆ బావ గజేంద్రుడిని గదమాయించినప్పుడు మనకు చప్పట్లు కొట్టాలనిపిస్తుంది. పగ తీర్చుకోవడమంటే నెత్తురు పారించడమే అనుకునే నేటి దర్శకులు (చాదస్తమనుకున్నా సరే) ఆ సన్నివేశాన్ని ఒక్కసారి చూడాలి. తర్వాత తమిళంలో ఎంజీఆర్, హిందీలో దిలీప్‌కుమార్ ఇవే పాత్రలు ధరించారంటే కథలోని బలం తెలుస్తుంది.

అయితే సదరు ఛానల్ వారు సరిగ్గా కొరడా పైకి లేచిన క్షణంలోనే సబ్బుల ప్రకటన చొప్పించారు. తిరుపతి, చిత్తూరు థియేటర్ల యజమానులు కనీసం నెలకొక ఆదివారం ఉదయం ఆటగా ఇలాంటి పాత చిత్రాలను, కోతలు లేకుండా, తక్కువ టికెట్ ధరకు ప్రదర్శించాలని మీ పత్రిక ద్వారా కోరుతున్నాను.

భవదీయుడు,
ఒక పాఠకుడు, తిరుపతి