గాజులు పగలగొట్టడం ప్రేమా?

సంపాదకుల వారికి,

మా అమ్మాయి ఫోనులో రోజూ చదివే ఒక తెలుగు ధారావాహికను కుతూహలం కొద్దీ నేనూ 30 భాగాల దాకా చదివాను. తన మాట కాదన్నందుకు కథానాయకుడు కథానాయిక చేతిని గాజులు చిట్లి మణికట్టున నెత్తురు కారేలా పట్టుకుంటాడు. మరుసటి భాగంలో ఆ గాయానికి తానే మందు రాస్తాడు, ఆమె సిగ్గుతో తల వంచుకుంటుంది. గాయం చేసినవాడే మందు రాస్తే చదివేవారికి మందే గుర్తుంటుంది కాబోలు! వెంటపడటం, ఫోను లాక్కుని చూడటం, బలవంతంగా తాళి కట్టడం, అన్నీ అక్కడ మమకారానికి గుర్తులే. ఉత్కంఠ దగ్గర ఆపి, తర్వాతి భాగానికి నాణేలు (యాప్‌లో డబ్బుకు బదులు చెల్లే టోకెన్లు) కట్టించుకునే పద్ధతిలో నెమ్మదైన సంభాషణ కంటే చెంపదెబ్బే గిట్టుబాటవుతుందని నాకు అర్థమైంది.

వద్దన్నా స్త్రీని వెంటాడటాన్ని 2013లోనే చట్టం నేరంగా చేర్చింది. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహిత 78వ సెక్షన్ ప్రకారం మొదటిసారికే 3 ఏళ్ల వరకు జైలుశిక్ష పడవచ్చు. కోపిష్టి నాయకుడు వారపత్రికల సీరియళ్ల కాలం నుంచీ ఉన్నవాడే, అవి చదివే పెరిగినదాన్ని కనుక నిషేధం కోరను. కథ మొదట్లో హింస ఉందన్న హెచ్చరిక, వయసు సూచన వేయడానికి నిర్వాహకులకు అభ్యంతరమేమిటో మాత్రం బోధపడటం లేదు.

– ఒక పాఠకురాలు, రాజమహేంద్రవరం